యాభై ఇద్దరూ ఒకే మాట

నా ఉద్యోగకాలం మొత్తంలో నేను పదిమంది ముందు నిలబడి ప్రసంగించింది మూడే మూడు సార్లు. మొదటి రెండు సార్లూ సభ నిద్రపోయింది. మూడోసారి అందరూ మేలుకొని విన్నారు. వాళ్ళు ఆ రోజు కూడా నిద్రపోయి ఉంటే ఎంత బాగుండేదో చెప్పడానికే ఇది రాస్తున్నాను. మాటలను యంత్రానికి అప్పజెప్పే ఉద్యోగాల్లో ఇప్పుడు చేరుతున్న పిల్లలకు పనికి రావచ్చు. పనికి రాకపోతే నవ్వుకోవడానికైనా ఉంటుంది.

1997లో నేను చంద్రపూర్‌లో ఒక బొగ్గు సంస్థవారి శిక్షణ కేంద్రంలో లెక్కల విభాగం చూసేదాన్ని. పద్మాపూర్ గనుల వైపు పోయే రోడ్డు మీద ఉండేది మా కేంద్రం. ఏ గని నుంచి ఎంతమంది శిక్షణకు వచ్చారు, ఎంతమంది పరీక్ష రాశారు, ఎంతమంది పాసయ్యారు, ఇవన్నీ కూడి శాతాలు తీసి నెలాఖరుకు నాగపూర్ పంపడం నా పని. నా లెక్కలో తప్పు పోదని ఒక పేరుండేది. పక్క విభాగాలవాళ్ళు తమ కాగితాలు నాకు పంపే ముందు భయంతో ఇంకోసారి కూడుకునేవారట. ఆ మాట విన్నప్పుడు కొంచెం సిగ్గుపడవలసింది. నేను సంతోషపడ్డాను.

అవి గనుల్లోకి కొత్త యంత్రాలు దిగుతున్న రోజులు. కొత్త ఆర్థిక విధానం అనే మాట అప్పటికి పాతబడి, దాని వెనకాలే 'మిగులు కార్మికులు' అనే మాట ఆఫీసులో తిరగడం మొదలైంది. చేత్తో తట్టలకు బొగ్గెత్తే వాళ్ళు ఇక అంతమంది అక్కర్లేదు. వాళ్ళలో భద్రత పరీక్ష పాసైనవాళ్ళను గని కప్పుకు ఆనికలు పెట్టే ముఠాల్లోకి, యంత్రాల మీదికి మారుస్తారు. పాసు కానివాళ్ళు మిగులు పట్టీలోకి పోతారు. పట్టీలోకి పోయినవాడి ఉద్యోగం కొద్ది నెలల్లో పోతుంది, ఉద్యోగంతో పాటు క్వార్టరూ పోతుంది.

యంత్రాలతో పాటు వాటి పుస్తకాలూ వచ్చాయి, ఇంగ్లీషులో. వాటిని హిందీ, మరాఠీ, తెలుగుల్లోకి దించాలని నాగపూర్‌లోని మా ముఖ్య కార్యాలయం అనుకుంది. దించే ముందు ఒక పదకోశం కావాలి. కూర్చొని మాటలు పుట్టించవద్దు, గని మనుషులు నిజంగా వాడే మాటలను వాళ్ళ రాతల్లోంచి కంప్యూటరుతో ఏరి తీయండి అని ఉత్తర్వు వచ్చింది. తెలుగు భాగం నాకిచ్చారు. ఆఫీసులో తెలుగు చదవగలిగినదాన్ని నేనొక్కదాన్నే.

నా తెలుగు గురించి కూడా చెప్పాలి. మాది విరూర్ దగ్గరి ఊళ్ళో తరతరాల రైతు కుటుంబం. ఇంట్లో తెలుగు, బడిలో మరాఠీ. అక్షరాలు మా బాపు నేర్పాడు, అవతలి రాష్ట్రం నుంచి తెచ్చిన ఎరువుల బస్తాలు చూపించి. నేను తెలుగులో మొదట చదివిన మాట 'యూరియా'. ఇంత సాహిత్య సంపదతో నేను పదకోశానికి పూనుకున్నాను.

పద్ధతి చాలా సులువైనది, అందుకే నాకు నచ్చింది. గని గురించి రాసిన కాగితాలన్నీ కంప్యూటరుకు ఎక్కించాలి. మామూలు వార్తాపత్రిక కాగితాలు కూడా కొన్ని ఎక్కించాలి. ఏ మాట గని కాగితాల్లో మాటిమాటికీ వస్తూ, పత్రికలో ఎప్పుడో గానీ రాదో అది గనివాళ్ళ సొంత మాట అని అనుమానించాలి. 'ఇల్లు', 'మనిషి' రెండు చోట్లా వస్తాయి, వాటిని వదిలేయాలి. తెలుగులో మాటకు తోకలు ఎక్కువ కాబట్టి కప్పుకు, కప్పులో, కప్పుమీద అన్నీ ఒకటే అని యంత్రానికి చెప్పడానికి తోకలు కత్తిరించే సూత్రాలు రాశాను. మొదట్లో అది తోకతో పాటు తల కూడా కత్తిరించేది. ఒక నెల కుస్తీ పట్టాక దారికొచ్చింది.

చిక్కల్లా కాగితాల దగ్గర వచ్చింది. గనుల్లో తెలుగు మాట్లాడేవాళ్ళు వందల్లో ఉన్నారు, తెలుగు రాసేవాళ్ళు లేరు. కరీంనగర్, ఆదిలాబాద్ వైపు నుంచి చిన్నప్పుడే పనికి వచ్చినవాళ్ళకు బడి లేదు. ఇక్కడ పుట్టినవాళ్ళ బడి మరాఠీది. బీరువాలన్నీ వెతికితే ఒకే ఒక్క కట్ట దొరికింది. ఏడాది కిందట బొగ్గెత్తేవాళ్ళకు పెట్టిన భద్రత పరీక్షలో తెలుగులో జవాబులు చెప్పినవాళ్ళ కాగితాలు. యాభై రెండు. నాగపూర్‌లో ఎవరో దిద్దితే ఆ యాభై రెండుకూ పాసు మార్కులు వచ్చాయి కానీ, పని మార్చే ఆర్డర్లు మాత్రం ఇంకా నాగపూర్ నుంచి రాలేదు.

రాయడం చేతకానివాళ్ళు తమ జవాబును చెప్పి ఇంకొకరి చేత రాయించుకోవచ్చని పరీక్ష నియమాల్లోనే ఉంది. ఆ యాభై ఇద్దరికీ రాసిపెట్టింది ఒక్కడే, తలకు పెట్టుకునే దీపాలు ఇచ్చి పుచ్చుకునే గదిలో పనిచేసే ఆయన. ఆయన్ని లైట్ల గది పంతులు అనేవారు. ఊళ్ళో ఏ తెలుగు ఇంటివాళ్ళకు ఉత్తరం కావాలన్నా, పెండ్లి పత్రిక కావాలన్నా, యూనియన్‌కు అర్జీ కావాలన్నా ఆయనే. ఇందులో దాపరికం ఏమీ లేదు. నా నివేదిక మొదటి పేజీలో నేనే రాశాను: 'దస్తూరీ ఒకటే కావడం వలన చదవడం సులభమైనది.' అంటే నిజం నా కలం కొసనే ఉంది. దాన్ని నేను సౌకర్యం కింద జమకట్టాను.

కంప్యూటరులో తెలుగు అక్షరాలు లేవు. నేను జవాబులు చదువుతుంటే, మా టైపిస్టు విన్నది విన్నట్టు ఇంగ్లీషు అక్షరాల్లో కొట్టేది. ఆమె మరాఠీ మనిషి, తెలుగు ముక్క రాదు. బొగ్గు దుమ్ము లోపలికి పోకుండా చెప్పులు బయట విడిచి, ఏసీ గదిలో శాలువాలు కప్పుకొని ఇద్దరం మధ్యాహ్నాలు కూర్చునేవాళ్ళం. పదిహేనో కాగితమో ఏమో, నేను ఒక వాక్యం మొదలుపెట్టి దగ్గు వచ్చి ఆగాను. ఆమె వేళ్ళు ఆగలేదు. వాక్యం పూర్తి చేసి, చుక్క పెట్టి నా వైపు చూసింది. తెరమీద చూస్తే అంతా సరిగ్గానే ఉంది.

"తాయీ, ఇది నిన్నటి కాగితమే కదా?" అని మరాఠీలో అడిగింది.

కాదన్నాను. శాస్త్రానికి సంబంధించిన భాష ఇలాగే ఉంటుందనీ, నిపుణులు ఒక వస్తువుకు ఒకే మాట వాడతారనీ, అందుకే దాన్ని యంత్రం పట్టుకోగలుగుతుందనీ ఆమెకు చాలాసేపు బోధించాను. ఆమె శ్రద్ధగా విని, అలా అయితే మిగతావి నకలు తీసుకొని పేర్లు మార్చుకుంటే టైపు తప్పుతుంది కదా అంది. ఆమెకు పరిశోధన అంటే గౌరవం లేదని ఆ సాయంత్రం ఇంట్లో చెప్పుకొని బాధపడ్డాను.

కంప్యూటరు లెక్క తేల్చి ఇచ్చిన కాగితం చూసి నాకు నిద్ర పట్టలేదు. కప్పు కూలకుండా కింద నిలబెట్టే కర్రకు 'ఆనిక గుంజ' అన్న మాట యాభై రెండు కాగితాల్లోనూ ఉంది. గాలి వచ్చే సొరంగానికి 'గాలితోవ', అది కూడా యాభై రెండిట్లోనూ. మరాఠీ భాగం చేస్తున్న సహోద్యోగికి ఒక్క గుంజకే ఏడు మాటలు వచ్చి, ఏది ఉంచాలో తెలియక తల పట్టుకున్నాడు. నా తెలుగువాళ్ళు మాత్రం ఏ పండితుడూ చెప్పకుండానే, ఏ సంఘమూ తీర్మానించకుండానే ఒక్క మాట మీద నిలబడ్డారు. నాకు కులగర్వం ఎప్పుడూ లేదు గానీ ఆ వారం భాషాగర్వం మాత్రం బాగా వచ్చింది.

ఆ మూడో ప్రసంగం నాగపూర్ నుంచి వచ్చిన అధికారి ముందు. పదకోశం పనికీ, కార్మికుల బదిలీలకూ ఆయనే పెద్ద. కొత్తగా వచ్చినవాడు, సన్నగా, తక్కువ మాట్లాడేవాడు. మా కేంద్రం అధిపతి ఆయన పక్కన కూర్చున్నాడు. అధిపతి గారికి పదవీ విరమణ దగ్గరపడింది, ఆ లోపల ఏ గొడవా లేకుండా చూడమని మాకందరికీ విడివిడిగా చెప్పుకున్నవాడు. నేను కర్ర పట్టుకొని గోడ మీద పడే పటాలు ఒక్కొక్కటే చూపించాను. చివరిది నా పట్టిక. ఈ యాభై రెండు మందిలో ఒక్కరు కూడా వేరే మాట వాడలేదని చెప్పాను.

"ఒక్కరు కూడానా?" అని అధికారి హిందీలో అడిగాడు.

"ఒక్కరు కూడా సర్." రెండోసారి చెప్పడం ఇంకా బాగుంది.

ఆయన గోడ మీది పట్టికను వేలితో చూపించాడు. "మా ఇంట్లో నలుగురం ఉన్నాం మేడం. గరిటెకు నలుగురం నాలుగు పేర్లు అంటాం. యాభై ఇద్దరు గని మనుషులు ఒకే మాట అన్నారంటే, మాట్లాడింది ఒక్కడే. ఈ పరీక్ష ఎవరు రాశారు?"

గదిలో అందరూ మేలుకున్నారు. అధిపతి గారు తన బూట్లు చూసుకుంటున్నాడు. నా చేతిలో కర్ర ఇంకా 'యాభై రెండు' అన్న అంకె మీదే ఉంది. నియమం ప్రకారం రాయించుకోవచ్చని నేను చెప్పాను. రాయించుకోవడం వేరు, రాసి ఇవ్వడం వేరు అని ఆయన అన్నాడు. నా పట్టికే ఆయనకు సాక్ష్యం. నా అంకెల్లో తప్పు పోదని కూడా ఎవరో ఆయనకు ముందే చెప్పి ఉన్నారు.

పది నిమిషాల్లో నిర్ణయమైపోయింది. యాభై రెండు సర్టిఫికెట్లూ నిలిపివేత. వచ్చే వారం ఆయనే స్వయంగా నోటి పరీక్ష పెడతాడు. తెలుగు తెలిసిన అధికారిని నేనే కాబట్టి, వాళ్ళు అన్నమాట అన్నట్టు రాసి హిందీలో చెప్పడం నా బాధ్యత. తృప్తి కలగకపోతే మొత్తం యాభై ఇద్దరి పేర్లూ మిగులు పట్టీకి. నేను పదకోశం చేయబోయి యాభై రెండు కొంపలకు తాళాలు చేసిపెట్టాను.

మర్నాడు లైట్ల గదికి పోయాను. పంతులు దీపాలను చార్జింగుకు పెడుతున్నాడు. తెల్ల చొక్కా, చెవి మీద పెన్ను. నేను సంగతి చెప్పాను. ఆయన భయపడతాడనుకున్నాను. ఆయన నొచ్చుకున్నాడు.

"వాళ్ళు చెప్పింది చెప్పినట్టు రాస్తే సగం కాగితం తిట్లే ఉంటయ్ మేడం," అన్నాడు. "ఆఫీసుకు వొయ్యే కాగితం. నేను సాఫు చేసి రాసిన."

"యాభై రెండూ ఒకే తీరుగ సాఫు చేసినవు కదా అన్నా."

"మంచిగ కుదిరిన మాటను మల్ల ఎందుకు మారుస్తం? 'ఆనిక గుంజ' నేను వెట్టిన పేరే. 'గాలితోవ' నాదే. మీకు నచ్చలేదా?"

నచ్చిందని చెప్పకుండా ఉండలేకపోయాను. నిజంగానే నచ్చింది, నా పట్టికలో మొదటి రెండు వరుసలు అవే. ఆయన ముఖం వెలిగింది. వాళ్ళకు జవాబులు తెలుసా అని అడిగాను. తెలువకుండా ఇన్నేండ్లు గనిలోంచి బయటికి ఎట్లా వస్తున్నారని ఆయన నన్నే అడిగాడు. అది నాకు ధైర్యంగా అనిపించింది. అందరినీ కంగారు పడకుండా వచ్చి మాట్లాడమని చెప్పమన్నాను. ఆయన పెన్ను చెవి మీద సర్దుకొని, తాను చూసుకుంటానని హామీ ఇచ్చాడు. ఆయన చూసుకుంటానన్నప్పుడు ఏం చూసుకుంటావని అడగాలి. అడగలేదు.

నోటి పరీక్ష మా కేంద్రంలోనే జరిగింది. యాభై ఇద్దరూ ఉతికిన బట్టలతో, తలలకు నూనె రాసుకొని వరండాలో వరసగా కూర్చున్నారు. మొదట పిలిచింది అందరిలోకి పెద్దవాణ్ణి. ఆయన్ని నాకు తెలుసు. ఆర్డరు వచ్చిందా మేడం అని ప్రతి జీతం రోజూ నా కిటికీ దగ్గరకు వచ్చి, రాలేదంటే తల ఊపి పోయేవాడు. రిటైరు కావడానికి ఇంకా ఆరేడేళ్ళున్నాయి, ఆ ఆరేడేళ్ళు క్వార్టరు ఉంటే చాలన్నది ఆయన కోరిక. ఆయన లోపలికి వచ్చి, చేతులు కట్టుకొని గోడ వైపు చూస్తూ నిలబడ్డాడు.

గని కప్పు చప్పుడు చేస్తే ఏం చేస్తావని అధికారి అడిగాడు, నేను తెలుగులో చెప్పాను.

"కప్పు నుండి శబ్దము వినబడిన తక్షణమే పనిని నిలిపివేసి, తోటివారిని హెచ్చరించి, ఆనిక గుంజలు గల సురక్షిత స్థలమునకు చేరవలెను," అన్నాడు ఆయన ఒక్క ఊపిరిలో.

అది కాగితంలోని వాక్యమే, చుక్క దగ్గర ఆగడంతో సహా. రెండోవాడు వచ్చాడు, అదే వాక్యం. మూడోవాడు 'సురక్షిత' దగ్గర తడబడి మళ్ళీ మొదటినుంచి ఎత్తుకున్నాడు. పంతులు చూసుకోవడం అంటే ఇదన్నమాట. వారం రోజులు పొద్దు గూకినంక అందరినీ కూర్చోబెట్టి, తన వాక్యాలు తప్పు పోకుండా వల్లె వేయించాడు. కాగితాలు నిజమని రుజువు కావాలంటే మనుషులు కాగితాల్లా మాట్లాడాలని ఆయన లెక్క. తప్పుపట్టడానికి నాకు నోరు లేదు, నా లెక్క కూడా అంతకుముందు అదే.

అధికారి పెన్ను కింద పెట్టాడు. "మేడం, మీ కంప్యూటరుకు కాళ్ళొచ్చాయి," అన్నాడు. ఫైలు మూయడానికి చెయ్యి వేశాడు.

నాలుగోవాడు అప్పటికే లోపలికి వచ్చి నిలబడ్డాడు. పొట్టివాడు, నుదుటి మీద పాత గాయం మచ్చ. ఏం చేయాలో తోచక, ఎవరి అనుమతీ అడగకుండా, ప్రశ్నల కాగితంలో లేనిది అడిగాను. నీ పక్కన కప్పు ఎప్పుడన్నా పడ్డదా అన్నాను. అతను నా వైపు, అధికారి వైపు చూశాడు. పంతులు నేర్పినదాంట్లో దీనికి జవాబు లేదు.

"వడ్డది మేడం. పోయిన వానకాలం. కప్పు గునుసుడు మొదలువెట్టింది. నా పక్కపొంటి ఉన్నోనికి ఇనవడలే. నీయవ్వ, ఉర్కురా అని వాని అంగీ వట్టి గుంజిన. మేం అటు వడ్డం, కప్పు ఇటు వడ్డది."

అధికారి ఏమన్నాడని అడిగాడు. తోటివాణ్ణి హెచ్చరించి బయటికి లాగానంటున్నాడు సర్ అన్నాను.

"ఏమని హెచ్చరించాడు?"

"పరుగెత్తమని సర్."

"ఇందాక అతను అంతకంటే ఎక్కువ అన్నాడు. అన్నమాట అన్నట్టు చెప్పాలని మనం అనుకున్నాం."

నలభై మూడేళ్ళ వయసులో, ఇద్దరు పిల్లల తల్లిని, ముఖ్య కార్యాలయం అధికారి ముందు, మా అధిపతి ముందు, ఆ మాటను తప్పు లేకుండా హిందీలోకి మార్చాను. రాత కాగితం మీద తెలుగులో కూడా రాశాను. అధిపతి గారు మళ్ళీ బూట్లు చూసుకున్నాడు. అధికారి మాత్రం ఫైలు మీద నుంచి చెయ్యి తీసి, లాగిన తరువాత ఎటు పోయారు, ఎవరికి చెప్పారు, మళ్ళీ లోపలికి ఎప్పుడు పోయారు అని వరసగా అడిగాడు. అతను చెప్పాడు. నేను రాశాను. అతనికి పాసు మార్కులు పడ్డాయి.

ఆ తరువాత అందరినీ అదే అడిగాం. మొదట వల్లించిన ముగ్గురిలో ఇద్దరిని మళ్ళీ పిలిస్తే వాళ్ళూ తమ తమ సంగతులు చెప్పారు. నా చెయ్యి నొప్పి పుట్టింది. నేను ఎన్నడూ రాయని మాటలు, రాస్తానని అనుకోని మాటలు ఆ రోజు ఎన్నో రాశాను. వరండాలో నిలబడి విన్న పంతులు, మధ్యాహ్నం చాయ్ దగ్గర నాతో అన్నాడు: "ఇన్నేండ్లు నేను దాచిన పరువు, మీరు ఒక్క పూటల బయట వెట్టిండ్రు."

అందరిలోకి పెద్దవాడు మాత్రం లొంగలేదు. రెండోసారి పిలిచినా చేతులు కట్టుకొని అదే వాక్యం చెప్పాడు. నేను మీ సొంత సంగతి చెప్పుండ్రి అన్నాను. "పరీక్షల అడిగిందానికి జవాబు చెప్పాలె గని మేడం, నా సంగతి ఎందుకు?" అన్నాడు. అది ఆయన మర్యాద. పరీక్ష అంటే ఆయనకున్నంత గౌరవం ఆ గదిలో ఇంకెవరికీ లేదు. అధికారి మూడోసారి కూడా అడిగించాడు. మూడోసారీ అదే, 'శబ్దము వినబడిన తక్షణమే'. ఆయనతో పాటు ఇంకో ముగ్గురు తప్పారు. నలభై ఎనిమిది మంది సర్టిఫికెట్లు నిలిచాయి. తప్పిన నలుగురికి రెండు నెలల్లో ఇంకొక్క అవకాశం, అది కూడా పోతే మిగులు పట్టీ అని ఉత్తర్వు.

ఫలితాలు బోర్డు మీద ఇంగ్లీషులో అంటించారు. పంతులును అప్పటికే రాత పనుల నుంచి తప్పించారు కాబట్టి నేనే నిలబడి చదివి చెప్పాను. పెద్దాయన తన పేరు రాకపోయేసరికి చివరిదాకా ఆగి, ఇంకోసారి చదవమన్నాడు. చదివాను. తల ఊపి పోయాడు, జీతం రోజు కిటికీ దగ్గర ఊపినట్టే.

ఈలోగా పదకోశం పని ఆగలేదు. నోటి పరీక్షలో రాసుకున్నదంతా టైపు చేయించి మళ్ళీ కంప్యూటరుకు ఇచ్చాను. ఈసారి నా టైపిస్టు నా కంటే ముందు ఒక్క మాటా కొట్టలేకపోయింది. ఫలితం వచ్చింది. గుంజకు ఎన్ని నోళ్ళో అన్ని మాటలు, దేనికీ బలం లేదు. పత్రికలో ఎక్కడా రాకుండా, గని మాటల్లో మాటిమాటికీ వస్తూ, యంత్రం లెక్కన మొట్టమొదటి స్థానంలో నిలిచిన సాంకేతిక పదం ఒక్కటే. నేను హిందీలోకి మార్చినది. నా సూత్రాల్లో ఎక్కడా తప్పు లేదు, మూడుసార్లు సరిచూశాను. దానికి నిర్వచనం కూడా రాయడానికి కూర్చున్నాను: 'కప్పు కూలే ముందు తోటివారిని తక్షణం కదిలించుటకు వాడు మాట.' అధిపతి గారు చదివి ఎర్ర పెన్సిల్‌తో కొట్టేశారు. నాగపూర్‌లో ఆడవాళ్ళు కూడా చదువుతారు మేడం అన్నారు. నేనూ ఆడదాన్నేనని ఆయనకు గుర్తు చేయలేదు. చివరకు అచ్చయిన పుస్తకంలో 'ఆనిక గుంజ', 'గాలితోవ' ఉన్నాయి. ఒక మనిషి పుట్టించినవని తెలిసీ ఉంచాను, అంతకంటే మంచివి నాకు దొరకలేదు. కానీ ఎంతమంది వాడతారు అన్న గడిలో యాభై రెండు అని రాయలేదు. ఒకటి అని రాశాను.

పిల్లలూ, కాగితాలు లెక్కపెట్టే ముందు నోళ్ళు లెక్కపెట్టండి. నేను నేర్చుకున్న గణాంకశాస్త్రం ఇంతే. దీనికి డిగ్రీ అక్కర్లేదు. నా దగ్గర రెండున్నాయి.

రెండు నెలల తరువాత మిగిలిన నలుగురికి పరీక్ష పెట్టారు. ఈసారి రాతపరీక్షే, నియమం ప్రకారం చెప్పి రాయించుకోవచ్చు, రాసేది మాత్రం అధికారి అయి ఉండాలి. ముగ్గురివి నేను రాశాను. నాలుగోవాడు పెద్దాయన. నా ఎదుట స్టూలు మీద కూర్చున్నాడు. ఈసారి చేతులు కట్టుకోలేదు, మోకాళ్ళ మీద పెట్టుకున్నాడు. మొదటి ప్రశ్న చదివాను. మళ్ళీ ఆ వాక్యమే వస్తుందేమోనని నేను కలం పట్టుకొని భయపడుతున్నాను.

మెల్లగా మొదలుపెట్టాడు. తాను పనికి కొత్తగా చేరిన ఏడాది సంగతి. తాను చెప్పింది విననందుకు తన జతగాడు కాలు పోగొట్టుకున్న సంగతి. ఆగి ఆగి, గోడను కాకుండా తన చేతులను చూసుకుంటూ చెప్పాడు. నేను రాస్తూ పోయాను. రాస్తూ పోతుంటే నా కలానికి ఏదో పట్టుకుంది. ఆయన ఒక చోట 'కప్పు మీద గుబులు వట్టుకొని' అన్నాడు. గుబులు కప్పు మీద పట్టుకోవడం ఏమిటి, దిద్దే అధికారికి అర్థం కాకపోతే మార్కులు పోతాయేమో, పాపం పెద్దాయన అనుకొని 'కప్పు గురించి ఆందోళన చెంది' అని రాశాను. ఎంత చక్కగా కుదిరిందో అని కూడా అనుకున్నాను.

చివర ఆయన, రాసింది చదివి వినిపించమన్నాడు. చదివాను. ఆ చోటుకు రాగానే చెయ్యెత్తాడు.

"నేను గట్ల అనలే మేడం."

"అర్థం అదే కదా పెద్దయ్యా. దిద్దేటోళ్ళకు తేలికగ ఉంటదని రాసిన."

"అదే అయితే, నాదే రాయుండ్రి."

నా మాట మీద గీత కొట్టి, పైన ఆయన మాట రాశాను. మళ్ళీ చదివించుకొని విని, సరే అన్నాడు. కింద తన పేరు మూడు అక్షరాల్లో కూడబలుక్కొని రాశాడు.

పరీక్ష కాగితంలో కొట్టివేత ఉంటే, కొట్టిందెవరో పక్కన సంతకం పెట్టాలి. నా చేత హిందీలో చెప్పించుకుంటూ దిద్దుతున్న నాగపూర్ అధికారి కాగితం నా ముందుకు జరిపి, ఇది ఎవరిది మేడం అని అడిగాడు. నాదేనని సంతకం పెట్టాను. ఆయన ఆ మాటను హిందీలో చెప్పమని అడిగి, విని, పాసు మార్కులు వేశాడు. ఆనికల ముఠాలోకి పెద్దాయన ఆర్డరు ఆ నెలలోనే వచ్చింది.